జాగా

జనవరి 20న స్నేహలతారెడ్డి వర్ధంతికి ఆదోనిలో ‘సంస్కార’ సినిమా వేద్దామన్నది మా కన్నడ మాస్టారు. మా ఊళ్ళో ఇట్లాంటి ఆలోచనలు ఎక్కువగా కన్నడం వైపు నుంచే వస్తాయి. 1953లో ఆంధ్ర రాష్ట్రం ఏర్పడేదాకా ఈ తాలూకా బళ్ళారి జిల్లాలోదే మరి.

స్నేహలతారెడ్డి ఎవరని అడిగినవాళ్ళే ఎక్కువ. తెలుగావిడ. ‘ఫిడేలు రాగాల డజన్’ రాసిన నెల్లూరు కవి పఠాభి భార్య. మద్రాస్ ప్లేయర్స్ అనే ఇంగ్లీషు నాటక బృందాన్ని నిలబెట్టినవాళ్ళలో ఒకరు. సినిమాల్లో చెప్పుకోదగ్గ వేషం ఒక్కటే: 1970లో పఠాభి కన్నడంలో తీసిన ‘సంస్కార’లో చంద్రి. కథ అనంతమూర్తిది. ప్రాణేశాచార్యులుగా గిరీష్ కర్నాడ్. కెమెరా పట్టింది ఆస్ట్రేలియా నుంచి వచ్చిన టామ్ కోవన్.

మాధ్వ అగ్రహారంలో ఆచారమన్నది గాలికొదిలేసిన నారణప్ప చచ్చిపోతాడు. శవానికి కొరివి ఎవరు పెట్టాలి? అది పండితుడు ప్రాణేశాచార్యులు గ్రంథాలు చూసి తేల్చేదాకా శవం లేవదు, అగ్రహారంలో ఎవరూ ముద్ద ముట్టకూడదు. చంద్రి అతను ఉంచుకున్న మనిషి. ఖర్చులకని ఒంటి మీది నగలు ఒలిచి పెడుతుంది. అంతవరకు ‘నాకెందుకు’ అన్నవాళ్ళందరికీ అప్పుడు చుట్టరికం గుర్తుకొస్తుంది. ఆ పాత్రకు మాటలు తక్కువ. స్నేహలత కళ్ళతోనే లాక్కొచ్చింది.

కులాల మధ్య చిచ్చు పెడుతుందని సెన్సారువాళ్ళు మొదట ఆపేశారు. తర్వాత అదే సినిమాకు రాష్ట్రపతి బంగారు పతకం వచ్చింది. ఆరేళ్ళు తిరక్కముందే, ఎమర్జెన్సీ రోజుల్లో, 1976 మే 2న, బరోడా డైనమైట్ కుట్ర కేసంటూ స్నేహలతను అరెస్టు చేశారు. చివరికి వేసిన చార్జిషీటులో ఆమె పేరే లేదు. అయినా వదల్లేదు, విచారణ లేకుండా లోపల పెట్టే ‘మీసా’ చట్టం ఉండనే ఉంది. ఉబ్బసం మనిషి, బెంగళూరు జైల్లో ఎనిమిది నెలలు. 1977 జనవరి 15న పెరోల్ మీద బయటికి పంపారు. 18న ఎన్నికలు ప్రకటించారు. 20న ఆమె చనిపోయింది. పతకమిచ్చిందీ జైల్లో పెట్టిందీ ఒకే ప్రభుత్వం, ఫైళ్ళే వేరు.

సరే, సినిమా వెయ్యాలంటే జాగా కావాలి గదా.

పేరు చివర ‘రెడ్డి’ చూసి ఒక సంఘం పెద్దాయన పొంగిపోయాడు. “మన బిడ్డకు మండపం బాడుగేంటికప్పా, ఊరికే తీసుకోండి” అన్నాడు. మా మాస్టారికి నోరు ఊరుకోదు. ఆమె పుట్టింది క్రైస్తవ కుటుంబంలోనని, ఆ రెడ్డి భర్తగారిదని వివరంగా చెప్పాడు. సాయంత్రానికల్లా మండపంలో పెళ్ళి కుదిరింది.

క్రైస్తవ కుటుంబమే కదా అని పాస్టరుగారి దగ్గరికి పోయాం. ఆయన కాఫీ ఇచ్చి, సినిమాలో ఆమె వేషం ఏమిటని అడిగాడు. చెప్పాం. ఈస్టరు పోనీయండి, చూద్దామన్నాడు.

కన్నడ మిత్రులు తెలుగావిడ అన్నారు. తెలుగు మిత్రులు కన్నడ సినిమా అన్నారు. మేడమీద హాలున్న హోటలాయన అసలు సినిమా పేరు వినగానే లేచి నిలబడ్డాడు. “మంత్రాలయం ఇంత దగ్గర పెట్టుకోని మాధ్వుల మీద సినిమానా సార్? నా గిరాకీలో సగం స్వామి దర్శనానికి పోయేటోళ్ళే.”

ఎమ్మిగనూరుకు బస్సెక్కాం. మాచాని సోమప్ప నేతగాళ్ళను ఒక్క సంఘం కిందికి తెచ్చిన ఊరు, మనల్నీ ఒకచోట కూర్చోబెట్టదా అని ఆశ. అక్కడ ఒక ఎర్రజెండా పెద్దాయన శ్రద్ధగా విన్నాడు. “ఆమెది లోహియా దారి గదా, మా వరస గాదు” అన్నాడు. పక్క వీధిలో ఇంకో పార్టీ ఆయనకు ఎమర్జెన్సీ మాట చెవిన పడగానే హుషారొచ్చింది. హాలిస్తాడట, కుర్చీలిస్తాడట, వచ్చినవాళ్ళకు ఉగ్గాని బజ్జీ కూడా ఇస్తాడట. కాకపోతే వేదిక మీద ఆయన ఫోటో ఉండాలి, స్నేహలత ఫోటో కన్నా కొంచెం పెద్దది. నేత పని చేసే మా మిత్రుడొక్కడు మాత్రం మాట్లాడకుండా లోపలికి పోయి ఒక తెల్ల దుప్పటి తెచ్చిచ్చాడు, తెరకు పనికొస్తుందని.

జనవరి 20 పోయింది. సంక్రాంతి ముగ్గులు చెరిగిపోయి శివరాత్రి దగ్గరికొచ్చింది. మేము మాత్రం సాయంత్రమైతే చాలు టీ కొట్టు దగ్గర చేరి, ఎవరిని అడిగితే ఎవరికి కోపమొస్తుందో లెక్కలు వేసుకుంటూనే ఉన్నాం.

అప్పుడొచ్చాడు మైకు సెట్టు భాయ్. జనవరిలో మేమిచ్చిన అడ్వాన్సు ఆయన దగ్గరే ఉండిపోయింది.

“ఏం సార్, సభ యాడ పెట్టినారు? డబ్బులిచ్చి మర్చిపోతిరే.”

సంగతి చెప్పాం. ఆయన సినిమా పేరూ అడగలేదు, ఆమె కులమూ అడగలేదు.

“సచ్చిపోయినామెకు సభ జేసేకి ఇంత ఊర్లో జాగా దొర్కల్యా?” అన్నాడు. “మా గోడౌను ముందర పెట్టుకోండి. బాడుగ వొద్దు. కుర్చీలు ఎత్తేటప్పుడు మాత్రం మీరు గూడా ఒక చెయ్యి వెయ్యాల.”

శామియానా మూటల మధ్య ఎమ్మిగనూరు దుప్పటి కట్టాం. ట్యూషన్ సెంటరు నుంచి ప్రొజెక్టరు తెచ్చాం. జనం మేమనుకున్నదాని కన్నా ఎక్కువే వచ్చారు. విచిత్రమేమంటే మండపం పెద్దాయన వచ్చి ముందు వరసలో కూర్చున్నాడు. హోటలాయన చీకటి పడ్డాక వచ్చి వెనక నిలబడ్డాడు. తెర మీద బ్రాహ్మలు శవాన్ని ఇంట్లో వదిలేసి అరుగుల మీద తర్కించుకుంటుంటే అందరికన్నా బిగ్గరగా నవ్వింది మండపం పెద్దాయనే. “చూడప్పా, ఎట్లాంటి మనుషులుంటారో!” అని నా తొడ మీద చరిచాడు కూడా.

భాయ్ మొదటి అరగంట కరెంటు వైరు చూసుకుంటూ తిరిగాడు. తర్వాత కుర్చీ లాక్కొని నా పక్కనే కూర్చున్నాడు. కన్నడం ఆయనకు బాగానే వచ్చు. తెర మీద చంద్రి కథ ముదిరింది. అగ్రహారంలో ఎవరూ కదల్లేదు. ఆచార్యులకు గ్రంథాల్లో జవాబు దొరకలేదు. శవం కుళ్ళిపోతోంది. చివరికి రాత్రిపూట, ఎవరికీ తెలియకుండా, ఒక సాయిబు బండి కట్టుకొని వచ్చి శవాన్ని తీసుకుపోయి చంద్రి కళ్ళముందే కాల్చేశాడు.

భాయ్ నా చెవి దగ్గరికి వంగాడు.

“అప్పుడు గూడా మావోడే దొర్కినాడా సార్?”