మిలట్రీ బాబాయ్ కార్డు మార్పిడి

తాడేపల్లిగూడెం దగ్గర మాధవరం అనే ఊరుంది. మొదటి ప్రపంచయుద్ధం నాటి నుంచి తరం వెనక తరాన్ని సైన్యానికి పంపుతూ, చివరికి పేరు ముందు 'మిలట్రీ' చేర్చుకున్న ఊరు. అక్కడ వీధిలో నిలబడి "మిలట్రీ బాబాయ్!" అని కేకేస్తే ఎన్ని గుమ్మాల్లోంచి ఎన్ని మీసాలు బయటికొస్తాయో చెప్పలేం. మిగతా ఊళ్లకు అంత సంపద లేదు. ఊరికొకడు, మహా అయితే ఇద్దరు. ఊరి దేశభక్తి భారమంతా ఆ ఒక్కడి మీదే పడుతుంది. ఆగస్టు 15న జెండా ఎగరేసేటప్పుడు పూలు జారి పడేలా కట్టే ముడి ఆయనకే తెలుసు. టీవీలో సరిహద్దు వార్త వస్తే టీకొట్టు దగ్గర వివరణ ఆయనే ఇవ్వాలి. ఇన్ని బాధ్యతలు మోసే మనిషి నిజంగా కంగారుపడేది ఒక్కదానికే. కార్డు గడువు తీరడానికి.

బాబాయ్‌ది ఆర్టిలరీ. గోల్కొండ కోట పక్కనున్న సెంటర్‌లో ట్రైనింగు, ఆ తర్వాత దేశమంతా తిప్పిన ఇరవై నాలుగేళ్ల నౌకరీ. గన్ను పక్కన నిలబడి నిలబడి ఎడమ చెవి మందగించింది. ఆయన ఫోన్లో మాట్లాడితే అవతలి వాళ్లకు ఫోను అవసరం ఉండదు. రిటైరయింది హవల్దారుగా. పంపుతూ పంపుతూ సైన్యం 'హానరరీ నాయబ్ సుబేదార్' అని గౌరవ హోదా ఇచ్చింది. ఊరు అంతటితో ఊరుకోలేదు, నాయబ్ తీసేసి నేరుగా సుబేదారు గారిని చేసింది. వియ్యంకుడు ఇంకో మెట్టెక్కి, శుభలేఖ మీద 'కెప్టెన్' అని అచ్చేయించాడు. బాబాయ్ రాత్రంతా కూర్చుని, ప్రతి శుభలేఖ మీదా కెప్టెన్‌ని పెన్నుతో కొట్టేసి, సరైన ర్యాంకు రాసి, పక్కన పొట్టి సంతకం పెట్టి మరీ పంచాడు.

ఆయన పర్సులో నాలుగు కార్డులుంటాయి. మొదటిది జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయం ఇచ్చిన మాజీ సైనికుల గుర్తింపు కార్డు. రెండోది 2003 ఏప్రిల్ 1న మొదలైన ఈసీహెచ్‌ఎస్ వైద్య పథకానిది. మిగిలిన రెండూ క్యాంటీన్ కార్డులు, సరుకులకొకటి, సీసాలకొకటి. అంటే మందులకో కార్డు, మందుకో కార్డు. వీటిలో ఏదీ శాశ్వతం కాదు. ఒకదానికి గడువు తీరుతుంది, ఒకదాన్ని చదివే మెషిన్ మారిపోతుంది, ఇంకోదాన్ని 'ఇది పాత రకం, కొత్త 64 కేబీ కార్డుకు అప్లై చెయ్యండి' అని పాలీక్లినిక్‌లో వెనక్కిస్తారు. కేబీ అంటే ఏమిటో బాబాయ్‌కి తెలియదు. పాతదానికన్నా కొత్తదానికి అంకె పెద్దది, అంటే ప్రమోషనే అని ఆయన లెక్క.

గడువు ఆరు నెలలుందనగా క్యాలెండరు మీద ఎర్ర సున్నా పడుతుంది. ఆ రోజు నుంచి ఇంట్లో ఆపరేషన్ మొదలైనట్టే.

మంచం కింద నుంచి నల్ల ట్రంకు పెట్టె బయటికొస్తుంది. మూత మీద తెల్ల పెయింటుతో నంబరు, ర్యాంకు, పేరు, యూనిట్. ఆ నంబరు బాబాయ్‌ని నిద్రలో లేపి అడిగినా చివరి ఇంగ్లీషు అక్షరంతో సహా చెబుతాడు. ఏటీఎం నంబరు మాత్రం పిన్నికే గుర్తు. పెట్టెలో డిశ్చార్జి బుక్కు, పెన్షన్ పేమెంట్ ఆర్డరు, సైన్య సేవా మెడల్, పాత రైల్వే వారంట్ల నకళ్లు, ఏ ఆఫీసులో ఎవరు ఏ తేదీన ఏమన్నారో రాసుకున్న డైరీ. కాగితం చిరుగుతుందని అన్నిటికీ లామినేషన్ చేయించాడు. ఒకసారి అసలు కాపీ మీద ముద్ర వెయ్యాలన్నారు. ప్లాస్టిక్ మీద సిరా అంటలేదు. అప్పటి నుంచి ఒక్కో కాగితానికీ లామినేట్ చేసిన నకలొకటి, చెయ్యని అసలొకటి విడివిడిగా ఉంచుతున్నాడు.

తర్వాతి మజిలీ ఫోటో స్టూడియో. కుర్రాడు "కొంచెం నవ్వండి బాబాయ్" అంటాడు. బాబాయ్ సావధాన్‌లో కూర్చుని గోడకేసి చూస్తాడు. "అప్లికేషన్లో నవ్వమని ఎక్కడా లేదోయ్" అని సమాధానం. పిన్ని ఫోటోకి అంత పట్టింపు లేదు. ఆవిడ నవ్వుతుంది, ఆ ఫోటోయే బాగా వస్తుంది.

ఫోటోల వరకూ ఆపరేషన్ సాఫీగానే సాగుతుంది. ఎదురుకాల్పులు పేరు దగ్గర మొదలవుతాయి. ఆయన భర్తీ అయిన రోజున పేరు రాసుకున్న క్లర్కుది హిందీ రాష్ట్రం. మనకు ఇంటిపేరు ముందు, మనిషి పేరు వెనక. అతనికి తిరగేస్తే గాని అది పేరులా కనబడలేదు. దాంతో చివరనున్న 'రావు' ఇంటిపేరైపోయింది. బ్యారక్‌లో రావులు ఎక్కువైపోతే నంబరులోని చివరి రెండంకెలతో పిలిచేవారు. సర్వీసంతా 'సైంతీస్' అంటే పలికిన మనిషి, ఆధార్ కార్డు వచ్చాక ఇంటిపేరు మళ్లీ ముందుకొచ్చిందని సంబరపడ్డాడు. ఆ సంబరం కార్డు మార్పిడి దాకానే. సైన్యం రికార్డులో ఒక పేరు, ఆధార్‌లో ఒక పేరు. కంప్యూటరు దృష్టిలో వీళ్లిద్దరూ వేరు.

పిన్ని పరిస్థితి ఇంకా కష్టం. ఇంట్లో లక్ష్మి, రేషన్ కార్డులో వెంకటలక్ష్మి, ఆధార్‌లో వీర వెంకట లక్ష్మి. సైన్యంలో పెళ్లయితే సరిపోదు, పెళ్లయినట్టు 'పార్ట్ టూ ఆర్డర్' రావాలి. పెళ్లాం పేరు, పుట్టినతేదీ అందులో ఎలా పడితే లోకానికి అలాగే చెల్లుబాటు. అప్పట్లో తేదీ అడిగితే బాబాయ్ నోటికొచ్చింది చెప్పాడు. అందువల్ల పిన్ని మూడు కాగితాల్లో మూడు తేదీల్లో పుట్టింది.

"అసలు నువ్వు పుట్టిందెప్పుడే?" అని బాబాయ్ ఇప్పుడు అడుగుతాడు.

"ఎప్పుడైతే ఏవిటండీ, ఏనాడైనా చేశారా?" అంటుంది పిన్ని, పప్పు తిరగమోత వేస్తూ.

దిద్దుబాటు ఇక్కడ జరగదు. ఆర్టిలరీ రికార్డ్స్ ఆఫీసు నాసిక్‌లో ఉంది. రక్షణ శాఖ పెన్షన్ల ప్రధాన కార్యాలయం ప్రయాగరాజ్‌లో ఉంది. అలా పిన్ని ఇంట్లో, పిన్ని పేరు నాసిక్‌లో, ఆ పేరు మీద రేపు రావలసిన ఫ్యామిలీ పెన్షను ప్రయాగరాజ్‌లో ఉంటాయి. ఈ మూడింటినీ ఒక చోట చేర్చడానికి బాబాయ్ స్పీడ్ పోస్టులో అఫిడవిట్ పంపి, రసీదు లామినేషన్ చేయించి, జవాబు కోసం పోస్ట్‌మాన్‌కి రోజూ గుమ్మంలో ఎదురవుతాడు.

ఇక ఆఫీసుకు వెళ్లే రోజు. అక్కడ పదిన్నరకు తలుపు తీస్తారు. సైన్యంలో టైముకున్న లెక్క వేరు. సీవో సాబ్ పది గంటలంటే మేజరు తొమ్మిదీ ముప్పావు అంటాడు, సుబేదారు తొమ్మిదిన్నర, హవల్దారు తొమ్మిది. జవాను మాత్రం ఎనిమిదికే ఎండలో నిలబడి ఉంటాడు. రిటైరయ్యాక బాబాయ్‌కి పైనా కిందా ఎవరూ లేరు కాబట్టి ఈ ర్యాంకులన్నిటి జాగ్రత్తా ఆయనే పడతాడు. అందుకే తెల్లారగట్ల నాలుగున్నరకు లేచి, బూట్లు పాలిష్ చేసి, మొదటి బస్సులో వెళ్లి, ఆఫీసు ఊడ్చే మనిషి కంటే ముందు మెట్ల మీద ఉంటాడు. వెనక వచ్చినవాళ్లను వరసలో నిలబెట్టడం కూడా తన డ్యూటీయే అనుకుంటాడు.

వరసలో అన్ని వయసుల వాళ్లూ ఉంటారు. పదిహేడేళ్ల సర్వీసు ముగించుకుని నలభై దాటకుండానే ఇంటికొచ్చిన కుర్ర మాజీలు ఫోన్లు చూసుకుంటూ ఉంటారు. భర్త నంబరు తప్ప ఇంకేమీ తెలియని ముసలమ్మ ఒకావిడ ఫారం పట్టుకుని దిక్కులు చూస్తుంది. బాబాయ్ ఆవిడ పక్కన కూర్చుని, నల్ల సిరాతో, పెద్దక్షరాలతో, గడికొక అక్షరం చొప్పున నింపిపెడతాడు. 'గుర్తింపు చిహ్నాలు' అన్న చోట ఆగుతాడు. "పుట్టుమచ్చ ఏమైనా ఉందా అమ్మా?" ఆవిడ సిగ్గుపడుతుంది. "ఆయ్, ఉంటే రాయాలండి, ఇది గవర్నమెంటు" అని బాబాయ్ ఆకాశం వైపు చూస్తూ అడుగుతాడు.

లోపల బల్ల వెనకున్న గుమాస్తా కూడా మాజీ సైనికుడే. ఇద్దరూ తెలుగువాళ్లే, అయినా హిందీలోనే మొదలవుతుంది.

"రామ్ రామ్ సాబ్. కౌన్ సా యూనిట్?"

"మీడియం రెజిమెంట్, సాబ్."

"ఘర్ కహాఁ?"

"గూడెం పక్కన."

"అయ్యబాబోయ్, మాది నిడదవోలండి!"

రెండు నిమిషాలు గోదావరి, వరదలు, మామిడికాయల ధర. కార్డు విషయానికి వచ్చేసరికి ఇద్దరూ మళ్లీ హిందీలోకి వెళ్లిపోతారు. సర్కారు పని తెలుగులో చేస్తే చెల్లుతుందన్న నమ్మకం ఇద్దరికీ లేదు. ర్యాంకు గడి దగ్గర గుమాస్తా 'హవల్దార్' అని కొట్టబోతాడు. బాబాయ్ గొంతు సవరించుకుంటాడు. గుమాస్తా తలెత్తి చూసి, 'హానరరీ నాయబ్ సుబేదార్' అని మొత్తం కొడతాడు. గడి సరిపోదు. పొడి అక్షరాల్లో ఎలా కుదించాలన్న దాని మీద ఇంకో పావుగంట.

ఆ పావుగంట బాబాయ్‌కి బరువనిపించదు. రిటైరయ్యాక ఆయన చాలాకాలం ఒక బ్యాంకు గుమ్మంలో తుపాకి పట్టుకుని కూర్చున్నాడు. అక్కడ తన మనవడి వయసు క్యాషియరు కూడా 'వాచ్‌మన్, ఆ ఫ్యాను వెయ్యి' అనేవాడు. ఈ బల్ల ముందు మాత్రం ఆయన సుబేదార్ సాబ్. "కూర్చోండి సాబ్, చాయ్ తాగుతారా?" అంటారు. పని ఒక్క పూటలో అయిపోతే బాబాయ్ మొహం కొంచెం వాడిపోతుంది.

కార్డు ఆలస్యమైతే ఊరు కూడా వాడిపోతుంది. 1948లో మొదలైన క్యాంటీన్ స్టోర్స్ డిపార్ట్‌మెంటుకు జీఎస్టీలో సగం మినహాయింపు ఉంది కాబట్టి కుక్కరు, సూట్‌కేసు, సబ్బులు బజారు కంటే చౌక. కార్డు మీద కొన్నది బయట అమ్మకూడదని బాబాయ్‌కి తెలుసు, ఆయన అమ్మడు. అయితే కూతురి పెళ్లికి కుక్కరు పెట్టకూడదని ఎక్కడా లేదు. కూతుళ్లంటే ఆయన లెక్కలో వీధి మొత్తం. రెండో క్యాంటీన్ కార్డుకు మహర్దశ 2019 అక్టోబరులో పట్టింది. ఆంధ్రప్రదేశ్‌లో మద్యం దుకాణాలు ప్రభుత్వం చేతికి వెళ్లి, అలవాటైన బ్రాండ్లు కనబడక, జనం సీసా మీద పేర్లు కూడబలుక్కుంటూ చదువుకునే రోజులవి. ఎన్నడూ పలకరించని పెద్దమనిషి కూడా గేటు దగ్గర ఆగి, "బాబాయ్, మోకాళ్ల నొప్పులెలా ఉన్నాయి?" అనేవాడు. 2024 అక్టోబరులో ప్రైవేటు దుకాణాలు మళ్లీ వచ్చాయి. మోకాళ్ల గురించి అడిగేవాళ్లు తగ్గారు. నొప్పులు మాత్రం అలాగే ఉన్నాయి.

టోల్‌గేటు దగ్గర బాబాయ్ కార్డు చూపించడం మరో ఘట్టం. అల్లుడి కారు ముందు సీట్లోంచి చెయ్యి బయటపెట్టి, "1901 చట్టం!" అంటాడు. సైనికులకు టోలు మినహాయించే చట్టం నిజంగానే 1901 నాటిది, నేటికీ అమల్లో ఉంది. కాకపోతే అది డ్యూటీలో ఉన్నవాళ్లకు. కిటికీలోని కుర్రాడికి చట్టం సంవత్సరం తెలియదు గాని, ఆ చివరి ముక్క మాత్రం కంఠతా వచ్చు. వెనక లారీలు హారన్లు కొడుతుంటాయి. అల్లుడు చూసీచూడనట్టు ఫాస్టాగ్ గీత దాటించేస్తాడు. డబ్బు కట్ అయినట్టు మెసేజ్ వస్తుంది. బాబాయ్ మాత్రం కార్డు చూసే వదిలారని ఊళ్లో చెబుతాడు.

కార్డులన్నీ సరిగ్గా ఉన్నా నవంబరు తప్పదు. పెన్షనరు బతికున్నట్టు ఏడాదికోసారి రుజువు చూపించాలి. 2014 నవంబరులో జీవన్ ప్రమాణ్ వచ్చి వేలిముద్రతో పని అయిపోతుందన్నారు. రిటైరయ్యాక పొలం దున్నిన వేళ్లు, మెషిన్ గుర్తుపట్టలేదు. 2021 నుంచి మొహం చూపిస్తే చాలన్నారు. మనవడు ఫోను ఎదురుగా పెట్టాడు. బాబాయ్ టోపీ సర్దుకుని, గడ్డం ఎత్తి, సావధాన్‌లో నిలబడ్డాడు.

"తాతా, కళ్లార్పు."

"సావధాన్‌లో కళ్లార్పకూడదు."

"ఆర్పకపోతే ఫోటో అనుకుంటుంది తాతా, మనిషి అనుకోదు."

బాబాయ్ కొంతసేపు ఆలోచించి, తనకు తానే "విశ్రామ్!" అని కమాండ్ ఇచ్చుకుని, అప్పుడు ఆర్పాడు.

అంతా అయ్యాక ఒక రోజు కొత్త ఈసీహెచ్‌ఎస్ కార్డులు వస్తాయి. ఆయనకొకటి, పిన్నికొకటి. బాబాయ్ కళ్లజోడు పెట్టుకుని, స్కేలు ఆనించి, అక్షరం అక్షరం తనిఖీ చేస్తాడు. తనది నిర్దోషం, ర్యాంకు కూడా కుదురుగా పట్టింది. పిన్ని కార్డు తిరగేస్తాడు. లక్ష్మిలో ఒక ఇంగ్లీషు అక్షరం ఎగిరిపోయింది.

"పోనీలెండి, నా ఫోటో బాగా వచ్చిందిగా" అంటుంది పిన్ని.

బాబాయ్ అప్పటికే మంచం కింద నుంచి పెట్టె లాగుతున్నాడు. మీసం కింద ఏదో కదిలింది. స్టూడియో కుర్రాడు ఎంత అడిగినా రానిది అదే. "రేపు నాలుగున్నరకి లేపవే, మొదటి బస్సుకి వెళ్లాలి. ఆ నిడదవోలాయనకి రెండు మామిడికాయలు కూడా కట్టు."