బ్యాంకు నోటీసు వచ్చిన ఇంట్లో వినకూడని సలహాలు

"నోటీసు తీసుకోకండి. సంతకం పెట్టకపోతే బ్యాంకువాళ్లేం చేయలేరు." తాకట్టు పెట్టిన ఇంటి కిస్తీలు ఆగి 90 రోజులు దాటి, బ్యాంకు ఆ అప్పును మొండి బాకీగా రాసుకోగానే మొదట వినిపించే సలహా ఇది. నా దృష్టిలో ఇంతకన్నా చెడ్డది లేదు. తప్పించుకుంటే నోటీసును తలుపుకి అంటిస్తారు, రెండు పత్రికల్లో వేయిస్తారు, అందినట్టే లెక్క. 2002 నాటి సర్ఫేసీ చట్టం ఆ నోటీసుతో బాకీ కట్టడానికి మీకు 60 రోజులిస్తుంది. వడ్డీ తప్పు లెక్కేశారా, కట్టిన సొమ్ము జమ కాలేదా, కాగితం మీద రాసి ఇచ్చి రసీదు తీసుకోండి. 15 రోజుల్లో కారణాలతో జవాబివ్వడం బ్యాంకు బాధ్యత. ఇవ్వకపోతే రేపు రుణ వసూలు ట్రిబ్యునల్ (డీఆర్‌టీ)లో అదే మీ మొదటి వాదన.

"బావమరిది పేరున రాసేయండి" అనేవాళ్లూ ఉంటారు. నోటీసు అందాక బ్యాంకు రాతపూర్వక అనుమతి లేకుండా అమ్మకూడదు, లీజుకివ్వకూడదు. అలా చేస్తే జైలు దాకా పోవచ్చు.

"పాసుపుస్తకం ఉంది, వ్యవసాయ భూమి జోలికి రాలేరు." సాగుభూమికి ఈ చట్టం వర్తించదన్నది నిజమే. కానీ పాసుపుస్తకం ఒక్కటే చాలదని, అక్కడ నిజంగా సాగు జరుగుతోందని అప్పుదారే రుజువు చేసుకోవాలని తెలంగాణ నుంచి వెళ్లిన కేసులో 2023లో సుప్రీంకోర్టు చెప్పింది.

"సివిల్ కోర్టులో స్టే తెచ్చేద్దాం." మోసం లాంటి అరుదైన సందర్భంలో తప్ప సివిల్ కోర్టుకు ఇందులో అధికారం లేదు. హైకోర్టు కూడా సాధారణంగా ట్రిబ్యునల్‌కే పొమ్మంటుంది. వెళ్లాల్సింది హైదరాబాద్‌లోనో విశాఖపట్నంలోనో ఉన్న డీఆర్‌టీకి. బ్యాంకు స్వాధీనం చేసుకున్నట్టు నోటీసు అంటించిన రోజు నుంచి 45 రోజులే గడువు. తాళం వేయలేదు కదా, కాగితమే కదా అని కూర్చుంటే ఆ గడువు అలాగే కరిగిపోతుంది. ఇక్కడ ఓడి అప్పీలుకు పోవాలంటే బాకీలో సగం జమ చేయాలి, అప్పీలు ట్రిబ్యునల్ తగ్గించినా పావు వంతు తప్పదు. అందుకే మొదటి దరఖాస్తే గట్టిగా వేయాలి.

"వేలం ముందురోజు కట్టేసి విడిపించుకోవచ్చు." ఒకప్పుడు ఈ మాట చెల్లేది. 2016 సవరణ తర్వాత, వేలం ప్రకటన పత్రికలో పడేలోపే మొత్తం బాకీ, ఖర్చులతో సహా, కట్టాలి. ఆ తర్వాత బ్యాంకు దయ తలిస్తే తలచవచ్చు గానీ, అది మీ హక్కు కాదు. పొలం అమ్మో, బంధువుల్ని అడిగో డబ్బు సర్దే ఉద్దేశం ఉంటే ప్రకటనకు ముందే సర్దండి.

"వేలం అయిపోయింది, ఇంకేముంది" అనే నిట్టూర్పునూ నమ్మకండి. అమ్మకానికి ముందు మీకు 30 రోజుల నోటీసు ఇచ్చారా? గుర్తింపు పొందిన వాల్యూయర్‌తో విలువ కట్టించారా? లోపం ఉంటే 45 రోజుల్లో డీఆర్‌టీలో ప్రశ్నించండి. బాకీ, ఖర్చులు పోగా మిగిలిన సొమ్ము ఉంటే అది మీది. లెక్క చూపమని బ్యాంకును రాతపూర్వకంగా అడగండి.