తిట్టేందుకు మనిషున్న టీవీ

ఇప్పుడు మా ఇంట్లో టీవీకి మూడు వందల చిల్లర ఛానళ్ళు వస్తాయి. వార్తలవే ఓ ఇరవై ఉంటాయి. అన్నిట్లోనూ నలుగురు కూర్చొని ఒకేసారి మాట్లాడుతుంటారు. ఎవరి మాటా ఎవరికీ వినపడదు, మనకు అసలే వినపడదు. వీటిల్లో నందికొట్కూరు ఎప్పుడు కనపడుతుందంటే ఎలక్షన్లప్పుడు, లేకపోతే ఎవరన్నా ఎవరినన్నా నరికినప్పుడు. ఆ రెండూ లేని రోజున మా ఊరు కర్నూలుకూ ఆత్మకూరుకూ నడుమ బస్సు ఆగే చోటు, అంతే. నేను మాత్రం ఇదే ఊళ్ళో ఊరి సొంత టీవీ చూసినోణ్ణి. మా సందు చివరే ఆఫీసు. వార్తలు చదివే పాప ఉండేది మా వెనక వీధిలో. తప్పు చదివితే మరుసటి పొద్దున టీ బంకు కాడ నిలబెట్టి అడిగేవాళ్ళం. ఇప్పుడు ఎవరిని అడగల్ల?

అంతకు ముందు సంగతి కొంచెం చెప్పల్ల. ఇప్పటి పిల్లకాయలు టీవీ అంటే గోడ కట్టినప్పుడే గోడతో పాటు వచ్చిందనుకుంటారు. మా చిన్నప్పుడు రేడియోనే దిక్కు. 1963లో కడపలో ఆకాశవాణి పెట్టినాక సీమ మాట గాలిలో వినపడింది. ఆ రేడియోకు కూడా పోస్టాఫీసుకు పోయి లైసెన్సు కట్టి రావల్ల. 1975 ఆగస్టులో 'సైట్' అని ఒక ప్రయోగం వచ్చింది. అమెరికా వాళ్ళ ఏటీఎస్-6 ఉపగ్రహాన్ని ఏడాదికి అరువు తెచ్చుకొని, ఆరు రాష్ట్రాల్లో దాదాపు 2,400 పల్లెలకు టీవీ పెట్టెలిచ్చి, రోజుకు నాలుగు గంటలు సేద్యమూ ఆరోగ్యమూ పిల్లల చదువూ చూపించినారు. మన రాష్ట్రంలో ఎంచుకున్న జిల్లాల్లో కర్నూలు కూడా ఒకటి. కోళ్ళ గూటికి కట్టే ఇనుప వలతో చేసిన గొడుగు ఒకటి బడి మిద్దె మీద, లోపల పెట్టె. 1976 జూలై 31కి గడువు తీరింది. ఉపగ్రహం వాళ్ళది వాళ్ళు తీసుకుపోయినారు. పండక్కి అల్లుణ్ణి పిలిచి పండగ పూటే బస్సెక్కించినట్టు!

మరుసటి ఏడు అక్టోబరులో హైదరాబాదు దూరదర్శన్ కేంద్రం మొదలైంది. ప్రారంభించింది రాష్ట్రపతి నీలం సంజీవరెడ్డి గారు. ఆ ఏడాది మార్చిలోనే ఆయన మా నంద్యాల నుంచి లోక్‌సభకు గెలిచినాడు. రాష్ట్రం మొత్తంలో జనతా పార్టీ తరఫున గెలిచింది ఆయనొక్కడే. అయినా ఏం లాభం, మా మాజీ ఎంపీయే స్విచ్చి నొక్కినా బొమ్మ మా దాకా రాలేదు. 1983 నవంబరు 14న శాంతి స్వరూప్ తెలుగులో తొలిసారి టీవీ వార్తలు చదివినప్పుడు కూడా మేం పేపర్లో చదివి తెలుసుకున్నోళ్ళమే. ఆయన చదివిన కాలంలో ఎదురుగా అక్షరాలు పారే యంత్రం లేదు. కాగితం చూసుకొని, బట్టీ పట్టి, తలెత్తి చెప్పేవాడు. ఇప్పుడు ముందర అంతా రాసి పెట్టి ఉంటుంది, అయినా 'శ్రీశైలం' అనడానికి నాలుక తిరగదు.

1984లో ఢిల్లీ వాళ్ళకు ఉన్నట్టుండి మన మీద ప్రేమ పుట్టింది. ఆ ఒక్క ఏట్లోనే దేశంలో వందకు పైగా ట్రాన్స్‌మిటర్లు పెట్టినారు. కాకపోతే అవి ఎక్కువ భాగం చిన్నవి, పదీ పదిహేను కిలోమీటర్లు దాటితే నీరసపడేవి. మేముండేది కర్నూలుకు ముప్పై కిలోమీటర్లు. కాబట్టి ఉన్నోళ్ళు మిద్దె మీద నీళ్ళ పైపంత పొడుగు గొట్టానికి యాంటెనా బిగించినారు, లేనోళ్ళు ఉన్నోళ్ళ ఇంటికి పోయినారు. 1987 జనవరిలో రామాయణం మొదలైనాక ఆదివారం పొద్దున చుక్కల వానలో రాముడు కనపడేవాడు. అది హిందీలో. మాకు అర్థమైంది కథ ముందే తెలుసు కాబట్టి.

ఇంక అసలు సంగతికి వస్తా. తొంభైలలో మా ఊరికి కేబులు వచ్చింది. తెచ్చిన మనిషి అంతకు ముందు టేపు రికార్డర్లు రిపేరు చేసేవాడు. ఆయప్ప మిద్దె మీద పన్నెండడుగుల డిష్షు, మిద్దె మీదనే రేకుల గది, అందులో వీసీఆరు, ఛానలుకొకటి చొప్పున మాడ్యులేటర్లు, తిరిగే ఫ్యాను. నల్ల వైరు కరెంటు స్తంభాల మీద, వేప చెట్ల మీద, మసీదు సందు మిద్దెల మీద, అడిగినోళ్ళవీ అడగనోళ్ళవీ అన్నిటి మీద నుంచి పోయేది. లైను చివరి ఇళ్ళకు బొమ్మ పలచబడిపోయేది. వాళ్ళు తక్కువ డబ్బులిచ్చేవాళ్ళు, ఆయప్ప తీసుకునేవాడు. బొమ్మ ఎంతో డబ్బు అంత. ఏ చట్టంలో ఉందీ న్యాయం?

ఆయప్ప లైను మీద పోతే గదిలో కూర్చునేది వాళ్ళమ్మ. సీడీలు వచ్చినాక ఒకసారి మధ్యాహ్నం సినిమాకు రెండో సీడీ ముందు పెట్టింది. హీరోయిన్ పెళ్ళయిపోయింది, విలన్ జైలుకు పోయినాడు, తర్వాత పేర్లు పడినాయి. పిల్లోణ్ణి పంపిస్తే, "ఏం నాయనా, మంచి జరిగేది ముందే చూసినారు కదా, ఇంక దిగులు లేకుండా చూడండి" అని చెప్పి పంపించింది. ఆ సినిమాలకు హక్కులా గిక్కులా, అది వేరే మాట. దాన్ని నేను సమర్థించను. చూసినాను, సమర్థించను.

1995లో ఫిబ్రవరికి జెమిని, ఆగస్టుకు ఈటీవీ వచ్చినాయి. అదే ఏడు కేబులు చట్టం కూడా. అప్పట్లో హెడ్ పోస్టాఫీసులో రుసుము కట్టి పేరు రాయించుకుంటే ఆపరేటరు సర్కారు లెక్కలో మనిషయ్యేవాడు. రేడియో లైసెన్సు ఇచ్చిన పోస్టాఫీసే టీవీ వాణ్ణి కూడా పుట్టించింది! ఆ పేరు రాయించుకున్నాక ఆయప్పకు ధైర్యం వచ్చి, పెళ్ళిళ్ళ వీడియో తీసే పిల్లోణ్ణి పిలిచి, వెనకాల నీలం దుప్పటి కట్టి, ప్రైవేటు బడిలో పంతులమ్మను కూర్చోబెట్టి సాయంత్రం వార్తలు మొదలుపెట్టినాడు.

ఏం వార్తలు? నవ్వొద్దు. యార్డులో ఉల్లిగడ్డ క్వింటాలు ఎంత పలికింది. కేసీ కాలువకు సుంకేసుల నుంచి నీళ్ళు ఎప్పుడు వదులుతారు. అల్లూరులో ఎద్దు తప్పిపోయింది, కుడి కొమ్ము వంకర. దామగట్ల పాపకు పదో తరగతిలో మంచి మార్కులు. కిరసనాయిలు రేపు పోస్తారు. పీర్ల పండగకు గుండం ఏ రాత్రి తొక్కుతారు. ఉగాది ముందర కన్నడ దేశం నుంచి శ్రీశైలానికి నడిచిపోయే వాళ్ళు మా రోడ్డు మీదనే పోతారు. కెమెరా పిల్లోడు పటేల్ సెంటరులో నిలబడి వాళ్ళ కాళ్ళ బొబ్బలు చూపించినాడు. అది చూసి ఆ రాత్రికి రాత్రి మా వీధి ఆడవాళ్ళు ముంతలతో నూనె, కుండలతో మజ్జిగ తీసుకొని రోడ్డు మీదికి పోయినారు. ఇప్పటి ఛానళ్ళు ఏది చూపించినా జనం కుర్చీలో నుంచి లేవరు.

కింద స్క్రోలింగు ఒకటి పోతుండేది. నగల షాపు, చీరల షాపు, మొలల డాక్టరు, మధ్యలో 'ఫలానా వీధి చిన్నారికి పుట్టినరోజు శుభాకాంక్షలు'. ఆ చిన్నారి తల్లిదండ్రులు పేరు వచ్చేదాకా అన్నం తినకుండా కూర్చునేవాళ్ళు. ప్రకటనలు ఎక్కువైనాయని నేనే ఆయప్పను ఎన్నోసార్లు తిట్టినా. "సారూ, మీరిచ్చే నెల డబ్బులతో డీజిలు కూడా రాదు" అనేవాడు. తిట్టినప్పుడు జవాబు చెప్పే మనిషి ఎదురుగా ఉండడం ఎంత సుఖమో అప్పుడు తెలియలేదు.

శ్రద్ధాంజలి ఫోటోల్లో ఒకసారి పొరపాటున బతికున్న పెద్దాయన ఫోటో పడింది. ఇద్దరి ఇంటి పేరూ ఒకటే, చుట్టరికం కూడా ఉంది. ఆ రాత్రే చుట్టాలు ఏడుస్తూ దిగినారు. పెద్దాయన తలుపు తీసి, వాళ్ళను లోపల కూర్చోబెట్టి, చేతికర్ర తీసుకొని కేబులు గదికి నడిచినాడు. మెట్లెక్కలేక కింద నుంచే అరిచినాడు. మరుసటి సాయంత్రం వార్తల్లో అందరికంటే ముందు ఆయనే వచ్చినాడు. చేతిలో ఆ రోజు పేపరు పట్టుకొని, "నేను బాగున్నా, చావుకు వచ్చినోళ్ళకు అన్నాలు పెట్టినాం, ఆ ఖర్చు కేబులోడు ఇయ్యల్ల" అన్నాడు. ఇచ్చినాడు కూడా, రెండు నెలలు ఆ ఇంటికి వసూలుకు పోలేదు. ఇప్పటి ఛానళ్ళు పెద్ద పెద్ద సినిమావాళ్ళనే బతికుండగా చంపుతున్నాయి. సవరణ వేస్తే అది చీమ తలకాయంత అక్షరాల్లో పోతుంది.

అన్నీ తీపి కబుర్లే చెప్తే మా సీమ సంగతి చెప్పనట్టే. ఇక్కడ కేబులు వైరు అంటే వైరు కాదు, ఎవరి వీధిలో ఎవరి మాట చెల్లుతుందో చెప్పే గీత. సీమలో ఎన్ని ఊళ్ళలో పొద్దున లేచి చూస్తే ఒక వర్గం వాళ్ళ లైను తెగి కిందపడి ఉండేదో, తెలిసినోళ్ళకు తెలుసు. మా ఆపరేటరు జాగర్త మనిషి. ఒక నాయకుని పుట్టినరోజు మూడు నిమిషాలు చూపిస్తే, రెండో నాయకుని ఇంట్లో బారసాల మూడు నిమిషాలు చూపించేవాడు. ఒకరి దండలు లెక్కబెట్టి ఇంకొకరికి అన్నే దండలు కనపడేటట్టు కెమెరా తిప్పేవాడు. ఎలక్షన్ లెక్కింపు రోజు మాత్రం ఊరికే అంకెలు రాసిన బోర్డు చూపించి, మాట్లాడకుండా కూర్చునేవాడు. దాన్ని భయం అనండి, నేను మర్యాద అంటా. ఇప్పుడు ప్రతి ఛానలూ ఒక పార్టీది. చూసేవాడికి ముందే తెలుసు ఎవరు ఏం చెప్తారో. ఆ మాత్రానికి టీవీ పెట్టడమెందుకు, కరెంటు దండగ.

2009 సెప్టెంబరు 2న ముఖ్యమంత్రి రాజశేఖరరెడ్డి గారి హెలికాప్టరు నల్లమలలో కనపడకుండా పోయింది. మరుసటి పొద్దున పావురాలగుట్ట మీద తునకలు దొరికినాయి. ఆ రెండు రోజులు గొడుగులున్న టీవీ బండ్లన్నీ మా ఆత్మకూరు రోడ్డు మీదనే. మా అడవిలో ఏం జరిగిందో మాకు ఢిల్లీ నుంచి చెప్పినారు. గుట్ట పేరు ఒక్కొక్కరు ఒక్కొక్క రకంగా పలికినారు. ఆ అడవిలో ఆవులు మేపుకొనే మనిషి పటేల్ సెంటరులోనే నిలబడి ఉన్నాడు, ఒక్కడూ ఆయన ముందర మైకు పెట్టలేదు. ఆయన మాట తీసింది మా కేబులు పిల్లోడే. ఊరు దాటి ఎవరూ చూడలేదు, అది వేరే.

తర్వాత డబ్బా వచ్చింది. కేబులంతా డిజిటల్ కావల్లని 2011లో చట్టం మార్చి, పెద్ద పట్నాలతో మొదలుపెట్టి 2017 మార్చి నాటికి మారుమూల ఊళ్ళ దాకా వచ్చినారు. ప్రతి టీవీకీ సెట్‌టాప్ బాక్సు. బొమ్మ అద్దంలా ఉంటుంది, కాదనను. కానీ బొమ్మ ఇప్పుడు మిద్దె మీద గదిలో పుట్టదు, యాడనో పెద్ద కంపెనీ యంత్రాల్లో పుట్టి ఫైబరులో దిగుతుంది. మా ఆయప్ప వసూళ్ళ గుమాస్తా అయిపోయినాడు. మాడ్యులేటర్లు పాత ఇనుముకు పోయినాయి. సొంత ఛానలు పెట్టుకోవల్లంటే పెద్ద కంపెనీ దయ తలిచి నంబరు ఇయ్యల్ల. ఇచ్చిన నంబరు ఎక్కడో చివర, ముసలోళ్ళ వేలు అంత దూరం పోదు. 2017 డిసెంబరులో సర్కారు ఫైబరు కూడా వచ్చింది, టీవీ, ఇంటర్నెట్టు, ఫోను అన్నీ కలిపి 149 రూపాయలని. 2019 ఫిబ్రవరి నుంచి కావల్సిన ఛానళ్ళు మనమే ఏరుకోవల్లన్నారు. వంద ఛానళ్ళకు అప్పట్లో 130, దాని మీద పన్ను, మొత్తం 153 చిల్లర. ఏరుకోమని కాగితమిచ్చినారు. అందులో నందికొట్కూరు ఛానలుకు గడి లేదు.

2022 నవంబరు 30న ఢిల్లీలో ఇంకో రూలు రాసినారు. లోకల్ ఛానలు నడిపేది కేబులు నెట్‌వర్కు సంస్థే అయి ఉండల్ల, లోకల్ వార్తలు చెప్పల్లంటే అది రిజిస్టరైన కంపెనీ అయి ఉండల్ల, నెట్‌వర్కు మోయగల మొత్తం ఛానళ్ళలో ఇట్లాంటివి నూటికి ఐదుకు మించకూడదు. రూలు మంచిదే కావచ్చు. ఎద్దు కొమ్ము వంకర చెప్పడానికి కంపెనీ పెట్టే మొనగాడు మా తట్టు పుట్టలేదు. ఇంకో పక్క అదే ఏడు మార్చి నాటికి దూరదర్శన్ వాళ్ళు నేల మీది పాత ట్రాన్స్‌మిటర్లను ఓ యాభై తప్ప అన్నీ ఆపేసినారు. మిద్దె మీద నా యాంటెనా ఇంకా ఉంది. కాకులు కూడా కూర్చోవడం లేదు, ఎండకు కాలుతుందని.

ఇప్పుడు డబ్బా ఆగిపోతే ఫోను చేయల్ల. తెలుగుకు ఒకటి నొక్కమంటుంది ఒక పాప. నొక్కితే కస్టమరు నంబరు అడుగుతుంది. ఆ నంబరు డబ్బా కింద ఉంటుంది, డబ్బా గోడకు ఉంటుంది, నాకు మోకాళ్ళు నొప్పి. చివరికి మనిషి వస్తే, "సార్, మీ ఏరియా ఏది?" అంటాడు. నందికొట్కూరు అంటే, "స్పెల్లింగ్ చెప్పండి సార్" అంటాడు. వాణ్ణి ఏమని తిట్టల్ల? వాడికి మా ఊరు తెలియదు, నాకు వాడి మొహం తెలియదు.

ఇదంతా విని మా మనవడు, "తాతా, ఇప్పుడు ఊరి వార్తలు యూట్యూబులో వస్తాయి" అన్నాడు. వస్తాయి, చూస్తున్నా కదా. సెల్లు ఫోను, దానికో కర్ర, మైకుకు రంగు డబ్బా, డబ్బా మీద పేరు. అంతే ఛానలు. మొన్న ఒక పిల్లోడు నన్ను ఆపి, "తాతా, వానల మీద ఒక బైటు ఇయ్యండి" అన్నాడు. చాలాసేపే మాట్లాడినా. శనగ ఎప్పుడు విత్తల్ల, పెసర ఎందుకు పోయింది, వాన తప్పిన ఏళ్ళలో మా నాయన ఏం చేసేవాడు, అన్నీ చెప్పినా. సాయంత్రం చూస్తే ముప్పై సెకన్లు ఉంచినాడు, వెనకాల పులి గాండ్రించే మ్యూజిక్కు, పైన 'వర్షాలపై నందికొట్కూరు తాత సంచలన వ్యాఖ్యలు' అని ఎర్రక్షరాలు. బెంగుళూరు నుంచి కోడలు ఫోను చేసి, "ఏం మామా, ఏమన్నా గొడవా?" అని అడిగింది.

పేరు కనుక్కొని ఇంటికి పోయినా. పోతే తెలిసింది, వాళ్ళ నాయన ఒకప్పుడు కేబులు లైన్లో నిచ్చెన మోసినోడే. తిట్టినా. కడుపునిండా తిట్టినా, చాలా ఏళ్ళ తర్వాత. వాళ్ళమ్మ టీ ఇచ్చి, "మార్చురా, పెద్దాయన చెప్తున్నాడు కదా" అని వాణ్ణి కసిరింది. వాడు తల వంచుకొని, "సరే తాతా, సాయంత్రానికి మారుస్తా" అన్నాడు. మాట మీద నిలబడినాడు, మార్చినాడు. 'సంచలన వ్యాఖ్యలపై వెనక్కి తగ్గిన తాత' అని.