హోమ్ లోన్ గారికి సన్మానపత్రం

అయ్యా హోమ్ లోన్ గారూ,

రిటైరైన ప్రతి హెడ్మాస్టరుకీ, గెలిచిన ప్రతి వార్డు మెంబరుకీ శాలువా కప్పే జాతి మాది. అలాంటి మేము తమరికి ఇంతవరకూ ఒక చామంతి దండైనా వేసిన పాపాన పోలేదు. హైదరాబాదు బాచుపల్లిలోనో మియాపూర్‌లోనో ఏ అపార్ట్‌మెంట్‌లో లిఫ్టు దిగినా ప్రతి గుమ్మానికీ ఓ గుమ్మడికాయ, ఓ నేమ్‌ప్లేటు. దాని మీద ఇంటాయన పేరుంటుంది, ఆవిడ పేరుంటుంది, ఈమధ్య పిల్లల ముద్దుపేర్లూ ఉంటున్నాయి. ఆ ఇంటి కాగితాలు ఇరవయ్యేళ్లు తమ ఇనప్పెట్టెలో ఉన్నా తమ పేరు మాత్రం ఎక్కడా కనబడదు. ఇంతటి నిరాడంబరుల్ని ఊరికే వదిలెయ్యడం న్యాయం కాదనే ఈ నాలుగు మాటలు.

ముందు తమ దయ సంగతి. మా తాతల కాలంలో షావుకారు నూటికి రెండు రూపాయలు, మూడు రూపాయలు గుంజేవాడు. తమరు ఏడాదికి ఎనిమిదిన్నర శాతం అన్నారనుకోండి. మా ఊరి లెక్కలో నెలకు నూటికి 71 పైసలు. ముప్పావలా కూడా నిండలేదు. ధర్మవడ్డీ! ఈ రేటుకు సొంత బావమరిది కూడా ఇవ్వడు. షావుకారుకు లేనిదీ తమకున్నదీ ఒక్కటే: ఓపిక. పంట ఇంటికొచ్చేసరికి వాడు కళ్లంలో నిలబడేవాడు. తమరు ఇరవయ్యేళ్లు కూర్చుంటారు. కూర్చోమంటే ముప్పయ్యేళ్లు కూర్చుంటారు.

అరవై రెండున్నర లక్షల ఫ్లాటు ఒకటి అనుకుందాం. అందులో ఎనభై శాతం, 50 లక్షలు, తమరిస్తారు. 30 నుంచి 75 లక్షల మధ్య లోన్లకు రిజర్వ్ బ్యాంకు గీసిన గీత అది. మిగిలిన పన్నెండున్నర లక్షలు, దానిమీద తెలంగాణలో రిజిస్ట్రేషన్‌కయ్యే ఏడున్నర శాతం, అంటే మరో 4 లక్షల 69 వేలు, ఎక్కణ్ణుంచి తెస్తామో తమరు పట్టించుకోరు. ఆవిడ గాజులా, నాన్నగారి పీఎఫ్ డబ్బులా, ఊళ్లో మిగిలిన అరెకరమా అని ఆరా తియ్యరు. ఒకరి ఇంటి విషయాల్లో తలదూర్చని సంస్కారం తమది.

ఆ సంస్కారం తమ తరఫున తిరిగే లోన్ ఏజెంటు కుర్రాళ్లకీ వచ్చింది. ఇస్త్రీ చొక్కా, చేతిలో ఫైలు, చెరగని నవ్వు. "నెలకి ఎంతైతే కంఫర్టబుల్ సార్?" అని అడుగుతాడే తప్ప, చివరికి మొత్తం ఎంత కట్టగలరు అన్న అసభ్యమైన ప్రశ్న అతని నోట రాదు. ఫోన్‌లో ఏవో నొక్కి, "43,391 సార్, అంతే" అంటాడు. ఆ 'అంతే'ని 240 నెలలతో గుణించి చూసే మర్యాద తెలియనివాళ్లు కొందరుంటారు. వాళ్లకు 1 కోటి 4 లక్షలు వస్తుంది. చేతి డబ్బూ రిజిస్ట్రేషనూ కలిపితే 1 కోటి 21 లక్షలు. రెండు ఫ్లాట్ల ధరకు నాలుగు లక్షలే తక్కువ. ఒకటి మేముండటానికి, రెండోది తమకు తాంబూలం.

ఇది దాచారని ఎవరైనా అంటే నేనొప్పుకోను. 2024 అక్టోబరు నుంచి కీ ఫ్యాక్ట్ స్టేట్‌మెంట్ అని ఓ కాగితం ఇచ్చి తీరాలని రిజర్వ్ బ్యాంకు చెప్పింది. ఫీజులన్నీ కలిపితే ఏడాదికి నిజంగా ఎంత శాతం పడుతుందో, మొత్తం వడ్డీ ఎంతో అందులో ఉంటుంది. తమరు బుద్ధిగా ఇస్తున్నారు కూడా. "ఇక్కడ సార్... ఇక్కడ... వెనకవైపు కూడా..." అంటూ కుర్రాడు గబగబా పేజీలు తిప్పుతుంటే ఆ కాగితం కూడా మా సంతకం కిందుగానే వెళుతుంది.

ఇక తమ కళంతా ఉన్నది రీపేమెంట్ షెడ్యూల్‌లో. చాలామంది దాన్ని ఒక్కసారైనా తెరవరు, తెరిచినవాళ్లు ఆ రాత్రి సరిగ్గా నిద్రపోరు. మొదటి నెల కట్టిన 43,391లో వడ్డీ 35,417, అసలుకు వెళ్లింది 7,974. అసలుకన్నా వడ్డీ ముద్దు అని మావాళ్లు మనవల్ని ఒళ్లో కూర్చోబెట్టుకుని అంటుంటారు. ఆ సామెతను తు.చ. తప్పకుండా ఆచరించింది తమరొక్కరే. అయిదేళ్లు ఒక్క నెలా తప్పకుండా కడితే తమకు చేరేది 26 లక్షలు. బాకీ తగ్గేది ఆరు లక్షల లోపు. అంటే ఇంకా 44 లక్షల 6 వేలు ఉంటుంది. గృహప్రవేశం నాడు పాలు పొంగుతుంటే చూసిన ఎల్‌కేజీ పిల్ల పదో తరగతి చదివే ఏడు చివర్లో, మొట్టమొదటిసారి ఈఎంఐలో అసలు భాగం వడ్డీని దాటుతుంది. సగం అప్పు తీరేసరికి ఆ పిల్ల ఇంటర్ రెండో ఏడులో ఉంటుంది. అంటే ఇరవయ్యేళ్ల అప్పులో సగం తీరడానికి పద్నాలుగేళ్లు, మిగతా సగానికి ఆరేళ్లు.

ఇందులో మోసం ఎక్కడుంది? ఎక్కడా లేదు. బాకీ ఎంతుంటే దాని మీదే వడ్డీ. ఎనిమిదో తరగతి లెక్క. మాకు కనిపించేలా లెక్క చేసి, మేం చూడమని ధీమాగా ఉండటమే తమ గొప్ప.

కట్టుబడిలో ఉన్న ఫ్లాటు కొన్నవాళ్ల మీద తమకు ప్రత్యేకమైన అభిమానం. బిల్డరు స్లాబు వేసినప్పుడల్లా కొంత డబ్బు అతనికి వెళుతుంది, వెళ్లినదాని మీద మేం ప్రీ ఈఎంఐ కడతాం. అది వడ్డీ మాత్రమే. అసలులో రూపాయి తగ్గదు. ఇంటద్దె ఎలాగూ వేరే. పెళ్లికి కుబేరుడి దగ్గర అప్పుచేసి కలియుగాంతం దాకా వడ్డీ కడుతున్న స్వామిని కొండెక్కి చూసొస్తుంటాం మేము. బిల్డరు ఏడాది ఆలస్యం చేస్తే చాలు, కొండెక్కకుండానే మమ్మల్ని ఆ వడ్డికాసులవాడి పక్కన కూర్చోబెట్టగలరు తమరు.

2022లో తమరు చూపిన వాత్సల్యం మాత్రం మరిచిపోయేది కాదు. అంతకు ముందు రెండేళ్లు, బ్యాంకులకు రిజర్వ్ బ్యాంకు అప్పిచ్చే రెపో రేటు 4 శాతం దగ్గర నిలబడి ఉంది. 2021లో 6.7 శాతానికే లోన్లు దొరికాయి. ఆ రేటుకు 50 లక్షలు తీసుకున్నవాడి ఈఎంఐ 37,870. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు రెపో 6.5కు ఎక్కింది, అతని రేటు 9.2 అయింది. ఈఎంఐ పెంచితే నొచ్చుకుంటారని చాలామందికి తమరు దాన్ని ముట్టుకోలేదు. గడువు జరిపారు, అంతే. అప్పటికి 48 లక్షల బాకీ ఉందనుకోండి. 9.2 శాతం చొప్పున నెల వడ్డీ 36,800. ఇస్తున్న ఈఎంఐలో అసలుకు మిగిలేది 1,070 రూపాయలు. ఈ వేగంతో అప్పు తీరడానికి ఇంకా 39 ఏళ్లు కావాలి. నలభయ్యేళ్ల మనిషికి డెబ్బై తొమ్మిది దాకా ఆయుష్షు, అంతవరకూ ఉద్యోగమూ ఉంటాయని నమ్మి రాసుకున్నారంటే, ఏ పురోహితుడి నోటా ఇంత పెద్ద ఆశీర్వచనం వినలేదు.

2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు అడ్డుపడింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచాలా, గడువు పెంచాలా, రెండూనా అని మనిషిని అడగండి, స్థిర వడ్డీకి మారే అవకాశమూ చూపండి అంది. అప్పటినుంచి తమరు అడుగుతున్నారు. మేమేమో బస్సులో వేలాడుతూ ఆ మెసేజ్‌ని ఓటీపీల మధ్య చూసీ చూడనట్టు జరిపేస్తున్నాం. 2025లో రెపో తగ్గడం మొదలైనప్పుడు తమ నడక వేరు. రెపోకు ముడిపడ్డ లోన్లకు తగ్గింపు చేరింది. బ్యాంకు సొంత ఖర్చుల లెక్కన రేటు కట్టే పాత ఎంసీఎల్‌ఆర్ లోన్లలో ఉండిపోయినవాళ్ల దగ్గరికి అది నింపాదిగా నడిచొచ్చింది. వెళ్లి అడిగి, మార్పిడి ఫీజు కడితే కొత్త పద్ధతిలోకి మారుస్తారు. అడగనిదే అమ్మయినా పెట్టదు కదా.

గడువు దగ్గర తమ చెయ్యి ఎంత పెద్దదో చెప్పాలి. అదే 50 లక్షలు, అదే ఎనిమిదిన్నర శాతం. ఇరవయ్యేళ్లకు బదులు ముప్పయ్యేళ్లు పెట్టుకోమని తమరే అంటారు. ఈఎంఐ 38,446కు దిగుతుంది. నెలకు 4,945 మిగులు! పిల్లల ట్యూషన్‌కి సరిపోతుంది. ఆ మిగులు కోసం మేం అదనంగా సమర్పించుకునే వడ్డీ 34 లక్షలు. పదిహేనేళ్లకే తీర్చేస్తామనే దుడుకువాళ్లూ ఉన్నారు. వాళ్లు నెలకు 5,846 ఎక్కువ కట్టి పదిహేనున్నర లక్షలు మిగుల్చుకుంటారు. రేటులో పావు శాతం కోసం నాలుగు బ్యాంకుల చుట్టూ చెప్పులరిగేలా తిరుగుతాం, గడువులో పదేళ్లకు మాత్రం కుర్చీలోంచి లేవకుండా తలూపుతాం. మా ఈ గుణం తమరు ఎప్పుడో కనిపెట్టారు.

మా ప్రాణాల మీద తమ బెంగ కూడా తక్కువది కాదు. లోన్‌తోపాటే ఇన్సూరెన్స్ అంటగట్టి, ఒకేసారి కట్టాల్సిన ప్రీమియాన్ని లోన్‌లోనే కలిపేస్తారు. చేతినుంచి పైసా తియ్యక్కర్లేదు. లక్షన్నర ప్రీమియం అలా కలిస్తే ఇరవయ్యేళ్లకు 3 లక్షల 12 వేలవుతుంది. తీసుకు తీరాలని చట్టంలో లేదు. ఆ మాట మాత్రం తమవాళ్లకు సమయానికి గుర్తురాదు.

ఇక పన్ను. "లోన్ ఉంటే ట్యాక్స్ కలిసొస్తుంది" అని చెప్పని పక్క సీటాయన ఏ ఆఫీసులోనూ లేడు. మొదటి ఏడు మేం కట్టే వడ్డీ 4 లక్షల 21 వేలు. మేమే ఉండే ఇంటికి పాత పన్ను పద్ధతిలో రెండు లక్షలకే మినహాయింపు. ముప్పై శాతం శ్లాబులో ఉన్నవాడికి సెస్సుతో కలిపి మిగిలేది 62,400. అరవై రెండు వేలు కలిసొస్తాయని నాలుగు లక్షల ఇరవై వేలు ఖర్చు పెట్టడం ఏ చార్టర్డ్ అకౌంటెంట్ నేర్పాడో. కొత్త పద్ధతిలోకి వెళితే ఆ ముచ్చటా లేదు.

తమ భక్తులు ఇంకో మాటంటారు, అది నిజమే గనక రాస్తున్నాను. ఇవాళ్టి 43 వేలు పదిహేనేళ్లకు ఇంత బరువుండదు. జీతం పెరుగుతుంది, రూపాయి పలచబడుతుంది, ఈఎంఐ మాత్రం పెద్దగా కదలదు. ఇంటివాడు ఏటా అద్దె పెంచడు, ఖాళీ చెయ్యమనడు. నిజం. లోన్ లేకపోతే మా తరంలో సగంమంది మేకు కొట్టాలన్నా ఇంటివాణ్ణి అడిగే బతుకే బతికేవాళ్లు. అయితే ఆ బరువు తగ్గే ఏళ్లు చివర్లో వస్తాయి, తమ వడ్డీ మాత్రం ముందే వచ్చేస్తుంది. రూపాయికి విలువున్నప్పుడే వడ్డీ పుచ్చుకుని, పలచబడ్డాక అసలు పుచ్చుకునే తమ ఔదార్యానికి ఏం పేరు పెట్టాలి?

తమకు అంతగా నచ్చని ఒక్క విషయం ఇక్కడ చెప్పక తప్పదు, సన్మానసభలో ఇలాంటివి ఎత్తకూడదని తెలిసినా. మారే వడ్డీ మీద తీసుకున్న హోమ్ లోన్‌ని వ్యక్తులు ముందుగా తీర్చేస్తే బ్యాంకులు జరిమానా వెయ్యకూడదని రిజర్వ్ బ్యాంకు 2012లోనే చెప్పింది. మా 50 లక్షల ఉదాహరణలో ఏడాదికి ఒక్క ఈఎంఐ అదనంగా అసలుకు జమచేస్తే చాలు, మూడేళ్లకు పైగా ముందే అప్పు తీరి, దాదాపు పది లక్షల వడ్డీ మిగులుతుంది. మొదటి ఏళ్లలో కట్టేదే ఎక్కువ కోత కోస్తుంది. బోనస్ వచ్చిన రోజే తమ యాప్ తెరిస్తే కారు లోనూ, పర్సనల్ లోనూ తళతళలాడుతుంటాయి. 'పార్ట్ పేమెంట్' అనే మాట ఏ మూలన ఉందో వెతుక్కోవాలి. దొరికాక కూడా, తగ్గేది ఈఎంఐయా గడువా అని అడిగితే గడువు అని నొక్కాలి. తమకు ఈఎంఐ తగ్గించడమే ఇష్టం. మా మీద ప్రేమ.

ఇన్నేళ్లకు ఆఖరి నెల వస్తుంది. ఆ నెల ఈఎంఐలో వడ్డీ 305 రూపాయలు. అప్పు తీరిన ముప్పై రోజుల్లో ఇంటి కాగితాలు తిరిగివ్వకపోతే రోజుకు 5 వేలు తమరే మాకు కట్టాలని 2023 డిసెంబరు నుంచి నిబంధన ఉంది గనక, కవరు బ్రాంచిలో సిద్ధంగానే ఉంటుంది. గృహప్రవేశం నాటి జుట్టు ఇప్పుడు మాకు లేదు. ఏసీ గదిలో తమ ఆఫీసరు లేచి నిలబడి, టీ తెప్పించి, కవరు రెండు చేతులా అందిస్తాడు. "కంగ్రాట్స్ సార్. పాపకి గచ్చిబౌలిలో జాబ్ వచ్చిందట కదా? మూడు నెలల శాలరీ స్లిప్పులు తెమ్మనండి చాలు, మిగతాది మేం చూసుకుంటాం."