పద్నాలుగు పేరాల క్రూరత్వం

మా రోజుల్లో విడాకుల పిటిషను ఒక పూటలో తయారయ్యేది కాదు. నేను తెనాలిలో ఒక ప్లీడరుగారి దగ్గర గుమస్తాగా చేరేనాటికి అసలు క్రూరత్వం మీద విడాకులే లేవు. 1955 నాటి హిందూ వివాహ చట్టం అలా ఏడ్చింది మరి. మొగుడు సన్యాసుల్లో కలిస్తే విడాకులు దొరికేవి. ఏడేళ్లు అయిపు లేకుండా పోతే దొరికేవి. ఇంట్లోనే ఉండి రోజూ చితకబాదేవాడి మీద మాత్రం దొరికేవి కావు! మహా అయితే విడిగా ఉండొచ్చని కోర్టు ఒక డిక్రీ ఇచ్చేది. ఆ మీదట రెండేళ్లు కాచుకుని కూర్చుంటే, అప్పుడు విడాకులకి వేసుకోవాలి. 1976లో సవరణ వచ్చాకే క్రూరత్వమని తిన్నగా వేసే దారి పడింది. కాబట్టి ఆ పాత చట్టాన్ని నేను వెనకేసుకు రావడం లేదు. నా గొడవల్లా పిటిషన్ల గురించే.

ఆడమనిషి వచ్చి బల్ల ముందు కూర్చుంటే మా ప్లీడరుగారు "ఎప్పుడమ్మా? ఏ పూట? ఎవరు చూశారు?" అని తవ్వేవారు. ఆవిడకి తారీఖులు తెలిస్తే గదా! "కోతలైపోయాకండీ, మా చిన్నోడికి ఆటలమ్మ పోసినప్పుడు" అనేది. నేను పాత పంచాంగం దించి, లెక్కగట్టి నెల వేసేవాణ్ని. ఎందుకంత తంటా అంటే, క్రాసులో అవతలి ప్లీడరు పట్టుకునేది అక్కడే. "కొట్టాడంటున్నావు, ఆ తర్వాత కాపరం చేశావా లేదా? చేస్తే క్షమించినట్టేగా?" క్షమించేసిన క్రూరత్వం మీద విడాకులు రావని ఇరవై మూడో సెక్షను. 1975లో సుప్రీంకోర్టు దాకా వెళ్లిన పుణె కేసులో భార్య క్రూరంగా ప్రవర్తించిన మాట నిజమేనని కోర్టు ఒప్పుకుంది. అయినా ఆ తర్వాత కలిసి కాపరం చేశారు గనక భర్త ఓడిపోయాడు. అందుకని ముందు వెనకలు చూసుకుని, ఫుల్‌స్కేపు కాగితాల కింద కార్బన్లు పెట్టి, టకటకా కొట్టేవాణ్ని. ఎవరి పిటిషను వారిదే. చదివితే ఆ ఇల్లు కళ్లకు కట్టేది.

ఇప్పుడో? 2007లో సుప్రీంకోర్టు ఒక ఐఏఎస్ దంపతుల కేసులో మానసిక క్రూరత్వం అంటే ఎలా ఉంటుందో పద్నాలుగు ఉదాహరణలు రాసింది. ఇవి మచ్చుకి మాత్రమే, ఇంతటితో జాబితా అయిపోలేదని కూడా అక్కడే చెప్పింది. ఆ ముక్క ఎవడు చదివాడు! పద్నాలుగూ దించేయడం, పైన పేర్లు మార్చడం. చిన్నచిన్న కీచులాటలు, కాపరాల్లో మామూలుగా ఉండే చికాకులు క్రూరత్వం కిందికి రావని అందులో ఒకటుంది. ఒక మహానుభావుడు తన పిటిషనులో దాన్నీ దించాడు, తన క్లయింటు మెడకే! ఇంకో పిటిషనులో అత్తగారి ఆరళ్లు పేరాలకు పేరాలు. తీరా చూస్తే ఆ అత్తగారు పెళ్లికి ముందే పోయింది. క్రాసులో ఆ పిల్ల మొహం ఎక్కడ పెట్టుకోవాలి?

1988 రిపోర్టుల్లో మన హైదరాబాదు కేసు ఒకటుంది, తీసి చూడండి. కట్నం కోసం వేధించడం క్రూరత్వమేనని సుప్రీంకోర్టు ఒక డాక్టరు భార్యకి విడాకులిచ్చింది. ఆవిడ కింది కోర్టుల్లో ఓడిపోయి వెళ్లిన మనిషి. పైన గెలిపించింది ఏమిటనుకున్నారు? మా అమ్మానాన్నలు కొన్ని వేలు అడిగితే తప్పేమిటని మొగుడు తన చేత్తో రాసిన ఉత్తరం. అలాంటి కాగితం ఏ జాబితాలోనూ దొరకదు, బీరువాలో వెతకాలి.

మొన్న మా ఆఫీసుకి ఒకమ్మాయి వచ్చింది. జూనియరు కుర్రాడు కంప్యూటరులోంచి పద్నాలుగూ దింపుతుంటే, నాతో మెల్లిగా అంది: "నేను డ్యూటీకి బయల్దేరే వేళకి స్కూటీ తాళం దాచేసేవాడండీ. వెతికి వెతికి ఏడిస్తే నవ్వేవాడు. ఆఖరికి ఉద్యోగం పోయింది." ఇది రాయవేంరా అంటే, "అది లిస్టులో లేదు తాతగారూ" అన్నాడు. పేరా మొత్తం కొట్టించి, ఆ మాటే రాయించాను. ఆఫీసు నుంచి హాజరు రికార్డు తెప్పించుకోమన్నాను, ఏ తారీఖున ఎంత ఆలస్యమో అందులో ఉంటుంది. తారీఖుకో లైను చొప్పున టైపు చేయమంటే, పిటిషను పొడుగైపోతోందని ఆ కుర్రాడు సణిగాడు.