ప్లుటోనియం వెళ్లొచ్చు, గొర్రె వెళ్లకూడదు

ఒక కొండను కనిపెట్టాలంటే, దాని కింద ఊళ్లు లేవని ముందుగా నమ్మాలి. ఆ నమ్మకం గట్టిగా ఉంటే చాలు. తాడూ, మంచుగొడ్డలీ, మూటలు మోసే కూలీలూ, లండన్ నుంచి వచ్చే పతకమూ వాటంతటవే సమకూరుతాయి. కూలీలు ఎక్కణ్ణుంచి వస్తారంటారా? ఆ లేని ఊళ్లనుంచే.

ఉత్తరాఖండ్‌లోని నందాదేవి ఇలా ఒకసారి కాదు, చాలాసార్లు కనిపెట్టబడింది. ఎత్తు 7,816 మీటర్లు. పూర్తిగా మన దేశం లోపలే ఉన్న శిఖరాల్లో ఇదే పెద్దది. చుట్టూ మంచుకొండల ప్రాకారం. లోపలి నీళ్లు బయటపడడానికి పడమటి వైపు ఒకే ఒక్క సందు, రిషిగంగ చీల్చుకున్న లోయ. గఢ్వాల్, కుమావూ ప్రాంతాల వాళ్లకు నంద అంటే దేవత మాత్రమే కాదు, ఇంటి ఆడపడుచు. పన్నెండేళ్లకోసారి రాజ్‌జాత్ అనే యాత్ర చేసి, ఏడుస్తూ పాడుతూ ఆమెను అత్తారింటికి సాగనంపుతారు. అంతటి ఇంటిపిల్లను వాళ్లకు పరిచయం చెయ్యడానికి సముద్రాలు దాటి దొరలు రావలసివచ్చింది.

మొదటి ముహూర్తం 1830లో. కుమావూ కమిషనర్ ట్రెయిల్ దొర పిండారీ హిమనదం నెత్తిమీది కనుమ దాటాడు. దారి చూపింది సూపీ గ్రామానికి చెందిన మలక్ సింగ్. పటంలో ఆ కనుమ పేరు ట్రెయిల్ పాస్. ముందు నడిచినవాడికి మంచు, వెనక నడిచినవాడికి పేరు. దేవి కొండను తొక్కినందుకు దొరకు కళ్లు పోయాయనీ, అల్మోరాలో ఆమె గుడికి మాన్యం ఇచ్చాకే చూపు తిరిగి వచ్చిందనీ అక్కడివాళ్లు ఇప్పటికీ చెప్పుకుంటారు. నిజమో కాదో గానీ, కనిపెట్టినవాడికి కళ్లు కనిపించలేదన్న కథ మాత్రం నాకు భలే నచ్చింది.

ఆ కొండకు తూర్పున మిలం అనే ఊరుంది. అక్కడి నైన్ సింగ్ రావత్ చేత ఇంగ్లీషువాళ్లు టిబెట్‌ను కొలిపించారు. చేతిలో జపమాల, అందులో 108కి బదులు 100 పూసలు. వంద అడుగులకో పూస జారవిడుస్తూ లాసా దాకా కొలుచుకుంటూ పోయాడు. ఏళ్లతరబడి రికార్డుల్లో ఆయనకు పేరు లేదు, 'పండితుడు' అనే మారుపేరే. రహస్యం కోసమట. నిజమే, తెల్లవాడి భూగోళ జ్ఞానం నల్లవాడి కాళ్లలోంచి వస్తోందన్నది ఆ రోజుల్లో పెద్ద రహస్యమే మరి. 1877లో రాయల్ జాగ్రఫికల్ సొసైటీ ఆయనకు బంగారు పతకం ఇచ్చింది. ఈ ఒక్క పద్దు జమలో వేద్దాం.

1931లో ఫ్రాంక్ స్మైత్, ఎరిక్ షిప్టన్ బృందం కామెట్ శిఖరం ఎక్కి తిరిగి వస్తూ భ్యూందర్ లోయలో దిగి, పూలు చూసి ముచ్చటపడి, దానికి పూలలోయ అని పేరు పెట్టింది. అదీ కనిపెట్టడమే. అప్పటికి అక్కడ గొర్రెలు మేపుతున్నవాళ్లు పూలను చూడలేదు కాబోలు, గడ్డి అనుకున్నారు కాబోలు.

న్యాయంగా ఒక మాట ఒప్పుకోవాలి. నందాదేవి లోపలి గిన్నెలోకి నిజంగానే అంతకుముందు మనిషి వెళ్లినట్టు దాఖలా లేదు. లాతా గ్రామపు కాపరులు ధరాన్సీ, డిబ్రూగేటా పచ్చిక దాకా వెళ్లేవారు. ఆపైన రిషిగంగ గోడలు నిట్టనిలువు. 1934లో షిప్టన్, టిల్‌మన్ అనే ఇద్దరు, ఆంగ్‌థార్కే, పసాంగ్, కుసాంగ్ అనే ముగ్గురు షెర్పాలు కలిసి ఆ గోడల వెంబడి పాకుతూ లోపలికి చేరారు. ఐదుగురు చేరిన చోటికి చరిత్రలో ఇద్దరే చేరడం కొండల్లో మామూలే, ఎత్తు పెరిగేకొద్దీ గాలి పలచబడినట్టు పేర్లూ పలచబడతాయి. అయినా ఆ తరం వాళ్లలో కొంత సిగ్గు ఉండేదనే చెప్పాలి. 1936 ఆగస్టు 29న టిల్‌మన్, ఓడెల్ శిఖరం మీదికి వెళ్లారు. కిందికి పంపిన కబురులో ఇద్దరు ఎక్కారన్నారే గానీ, ఆ ఇద్దరెవరో చెప్పలేదు. ఆ యాత్రలోనే బేస్ క్యాంపులో విరేచనాలతో చనిపోయిన షెర్పా పేరు కితార్. దాన్ని మాత్రం చెప్పకుండా దాటేయడం బాగోదు.

ఇక అసలు ఘట్టానికి వద్దాం. తాటిచెట్టు ఎందుకెక్కావురా అంటే దూడగడ్డి కోసం అన్నాడట వెనకటికొకడు. 1965లో నందాదేవి ఎక్కినవాళ్లు చెప్పిన దూడగడ్డి పర్వతారోహణ. అంతకు ముందటేడు అక్టోబరులో చైనా లోప్‌నూర్ దగ్గర అణుబాంబు పేల్చింది. చైనా క్షిపణుల గుట్టు వినడానికి అమెరికా గూఢచారి సంస్థ సీఐఏకు ఎత్తైన చెవి ఒకటి కావలసివచ్చింది. మన ఇంటెలిజెన్స్ బ్యూరో సరేనంది. 1965 మే నెలలోనే ఎవరెస్టు మీదికి తొమ్మిదిమందిని ఎక్కించిన కెప్టెన్ కోహ్లీకి ఈ పని అప్పగించారు. మనవాళ్లను అలాస్కా తీసుకెళ్లి మెకిన్లీ కొండ మీద సాధన చేయించారు. జనరేటరూ, యాంటెన్నా, ట్రాన్సీవర్లూ కలిపి సుమారు 57 కిలోల సామాను. ఆ జనరేటరు నడిచేది ప్లుటోనియంతో.

ప్లుటోనియం దానంతటదే వేడెక్కుతుంది. చలిలో మూటలు మోసే షెర్పాలకు ఆ పెట్టె వెచ్చగా తగిలింది. దాన్ని మోసే వంతు కోసం పోటీపడేవారని ఆ తర్వాత యాత్రలో పాల్గొన్నవాళ్లే చెప్పారు. ఒక్క క్షణం ఆగి ఆ దృశ్యం ఊహించండి. గడ్డకట్టే గాలిలో, వీపుకు అణు ఇంధనం కట్టుకుని, 'ఈవేళ నా వంతు, నా వంతు' అంటూ మనుషులు. రెండు ప్రభుత్వాల్లో ఎవరి జీతమూ దానికి సరితూగదు.

అక్టోబరులో శిఖరం అందకముందే తుఫాను వచ్చింది. సామాను ఇరవైనాలుగు వేల అడుగుల దగ్గర, నాలుగో క్యాంపులో బండకు కట్టేసి, ప్రాణాలతో కిందికి దిగారు. మరుసటి ఏడు వసంతంలో వెళ్లి చూస్తే సామాను లేదు, అది కట్టిన చోటూ లేదు. మంచు ఊడ్చుకుపోయింది. వెతికారు, మళ్లీ వెళ్లారు, మళ్లీ వెతికారు. కొండను తవ్వి ఎలుకను పట్టినవాళ్ల కథ మనకు తెలుసు. వీళ్లు ఎలుకను మోసుకెళ్లి కొండలో పోగొట్టి వచ్చారు. బుద్ధి వచ్చిందా అంటే, 1967లో పక్కనే ఉన్న నందాకోట్ మీద ఇంకోటి పెట్టారు. అది కొన్నాళ్లు పనిచేసి మంచులో కూరుకుపోతే వెనక్కి తెచ్చుకున్నారు. నందాదేవి మీద పోయింది ఇంతవరకు దొరకలేదు.

జనానికి ఎప్పుడు తెలిసింది? 1978లో ఒక అమెరికన్ పత్రిక బయటపెడితే. అప్పుడు ప్రధాని మొరార్జీ దేశాయి పార్లమెంటులో ఒప్పుకున్నారు. శాస్త్రవేత్తల కమిటీ వేశారు. నీళ్లలో దోషమేమీ కనిపించలేదన్నారు, సంతోషం. ఆ రకం ప్లుటోనియం సగానికి తగ్గాలంటే సుమారు 88 ఏళ్లు పడుతుంది. అంటే 2053 దాకా ఆగితే సగం బెంగ తీరుతుంది.

ఇంత జరిగాక ప్రభుత్వానికి పర్యావరణం మీద మమకారం పొంగుకొచ్చింది. అంతకుముందే, 1974లో, విదేశీ యాత్రలకు తలుపులు తెరిచారు. డబ్బాలు, చెత్త, నరికిన చెట్లు పేరుకున్నాయి. 1982లో జాతీయ ఉద్యానం ప్రకటించారు. దేవత పేరున్న కొండకు మొదట పెట్టిన పేరు సంజయ్ గాంధీ ఉద్యానం! మరుసటి ఏడు గేటు మూసేశారు. 1988లో యునెస్కో ప్రపంచ వారసత్వ ముద్ర కూడా పడింది. చెత్త వేసిన యాత్రికులు తమతమ దేశాలకు వెళ్లిపోయారు. పెట్టె పోగొట్టినవాళ్లు పదవీ విరమణ చేశారు. మిగిలినవాళ్లు ఎవరు? లాతా, రైణీ, తోల్మా గ్రామాల భోటియాలు. కనుక శిక్ష వాళ్లకు. మేత పోయింది, మూలికలు పోయాయి, కూలీ గైడు పనులు పోయాయి. లోపల ప్లుటోనియం ఉండవచ్చు, గొర్రె మాత్రం ఉండకూడదు. గొర్రె గిట్ట తగిలితే ఆ నేల సున్నితత్వం దెబ్బతింటుందట.

పూలలోయలోనూ ఇదే మందు వేశారు. మేత ఆపారు. గొర్రెలు తినే పోలిగోనం కలుపు మనిషెత్తు పెరిగి పూలనే కమ్మేసింది. ఇప్పుడు దాన్ని పీకడానికి అటవీశాఖ కూలీలను పెడుతోంది. గొర్రె ఈ పని జీతం లేకుండా చేసేది.

1998లో లాతా జనం 'ఝపటో ఛీనో' (ఎగబడి లాక్కోండి) అంటూ గేటు దాటి లోపలికి నడిచారు. ఆ తర్వాత కొంచెం దారి వదిలారు. అదీ ధరాన్సీ, డిబ్రూగేటా దాకా, లెక్కపెట్టి. అంటే తాతలు గొర్రెలతో వెళ్లిన చోటికి మనవలు పర్మిట్‌తో వెళ్లవచ్చు.

సున్నితమైన నేల అన్నారు కదా. ఆ సున్నితత్వం గేటు బయట ఒక్క అడుగులో మాయమవుతుంది. రిషిగంగ బయటికొచ్చే గుమ్మంలోనే, రైణీ దగ్గర, 13.2 మెగావాట్ల జలవిద్యుత్ కేంద్రం కట్టారు. గొర్రె గిట్టకు కదిలే కొండ డైనమైట్‌కు కదలదన్న ధీమా. ఇదే రైణీలో 1974 మార్చి 26న గౌరాదేవి, మరి కొందరు ఆడవాళ్లు చెట్లను కౌగిలించుకుని గొడ్డళ్లను వెనక్కి పంపారు. ఆ ఊరివాడే పేలుళ్ల మీద 2019లో హైకోర్టుకు వెళ్లాడు.

2021 ఫిబ్రవరి 7న రోంతి శిఖరం నుంచి రాయీ మంచూ కలిసిన పెద్ద ముక్క విరిగి లోయలోకి పడింది. రిషిగంగ కేంద్రం కొట్టుకుపోయింది. దిగువన తపోవన్‌లో కడుతున్న 520 మెగావాట్ల ప్రాజెక్టులోకి బురద జొరబడింది. రెండువందల మందికి పైగా చనిపోయారు లేదా గల్లంతయ్యారు. ఊళ్లో చాలామందికి ముందుగా గుర్తొచ్చింది ఆ పెట్టె. కారణం అది కాదని శాస్త్రవేత్తలు తేల్చారు, నేనూ నమ్ముతాను. కానీ కొండ కూలగానే జనానికి ప్లుటోనియం గుర్తొచ్చేలా చేసింది వాళ్ల మూఢనమ్మకం కాదు, పదమూడేళ్లు నోరు మూసుకున్న ప్రభుత్వం.

అదే ఏడాది నేల కుంగి రోడ్డు తెగితే, కొత్త రోడ్డు కోసం గౌరాదేవి విగ్రహాన్ని ఊళ్లోంచి తీసి జోషీమఠ్‌కు తరలించారు. జూలైలో, ఈ ప్రాజెక్టుల అనుమతులు రద్దు చెయ్యమని కోరిన ఐదుగురి వ్యాజ్యాన్ని ఉత్తరాఖండ్ హైకోర్టు కొట్టేసింది. వాళ్లలో ముగ్గురు రైణీ వాళ్లు. వాళ్లను ఎవరో ఆడిస్తున్నారని అనుమానించి, తలా పదివేల రూపాయల జరిమానా వేసింది. నందాదేవి చరిత్రలో, దొరల నుంచి గూఢచారుల దాకా ఇంతమంది ఎక్కి దిగిన తర్వాత, కొండ పేరు మీద జరిమానా కట్టమన్నది ఆ కొండ కింది వాళ్లనే.