చందా రద్దు ఘట్టము: సటీకా తాత్పర్యము

అవతారిక

2025 అక్టోబరు 28. మొంథా తుపాను నరసాపురం వైపు వస్తోంది. ఉప్పుటేటికి ఇవతల, కృత్తివెన్ను మండలంలో ఒక రైతు రొయ్యల చెరువు గట్టు మీద నిలబడి ఉన్నాడు. కరెంటు పోతే ఏరియేటర్లు ఆగుతాయి, అవి ఆగితే నీటిలో ఆక్సిజన్ పడిపోతుంది, తెల్లారేసరికి రొయ్య తేలుతుంది. డీజిలు తెచ్చి జనరేటరు దగ్గర పెట్టుకుని, గాలి ఎటు తిరుగుతుందో చూద్దామని ఫోను తీశాడు. ‘ఒక్క రూపాయికే ఏడు రోజులు’ అంటూ ఒక వాతావరణ యాప్ ఎదురొచ్చింది. 1977 నవంబరు 19 నాటి ఉప్పెన సంగతులు వింటూ పెరిగినవాడికి, మబ్బు ఆనుపానులు చెబుతామంటే రూపాయి ఒక లెక్కా? బందరులో వాతావరణ శాఖ వారి రాడారు ఉందనీ, ఆ శాఖవారి మౌసమ్ యాప్ 2020 నుంచీ ఉచితంగానే దొరుకుతోందనీ గుర్తుచేసేవాళ్లు ఆ వేళ పక్కన లేరు. యూపీఐ పిన్ కొట్టాడు. తుపాను అర్ధరాత్రి ప్రాంతంలో తీరం దాటి తన దారిన తాను పోయింది. యాప్ ఉండిపోయింది. ఎనిమిదో రోజున ఖాతాలో ₹499 తగ్గింది. ఇక మీదట మూడు నెలలకోసారి ఆటోపే పద్ధతిన తనంతట తానే అంతే తగ్గుతుందట. రద్దు చేద్దామని లోపలికి వెళ్లిన రైతుకు కనబడిన తెరయే ప్రకృత గ్రంథము.

మూలము

అప్పుడే వెళ్లిపోతున్నారా? మీరు లేకపోతే మాకు బెంగ!
మీ ప్రీమియం ప్రయోజనాలన్నీ ఈ రాత్రే పోతాయి.
కొనసాగించండి
వద్దు, నేను నష్టపోవడానికి సిద్ధమే

ప్రతిపదార్థము

అప్పుడే = ₹499 ముట్టిన పిమ్మటనే; వెళ్లిపోతున్నారా = ఆటోపేను ఆపుచున్నారా; మీరు = మీ బ్యాంకు ఖాతా; లేకపోతే = అందుబాటులో లేనిచో; మాకు = పేరును, ఊరును ఎచ్చటను చెప్పని మాకు; బెంగ = మూడు నెలలకొకపరి కలుగునట్టి విచారము; ప్రీమియం ప్రయోజనాలు = ప్రకటనలు కనబడకుండుట; అన్నీ = పైన చెప్పిన ఆ ఒక్కటియు; ఈ రాత్రే = (విశేషము చూడుడు); కొనసాగించండి = మరల చెల్లింపుడు; వద్దు = ఔను; నేను = రైతు; నష్టపోవడానికి = ఇకమీద నష్టపోకుండుటకు; సిద్ధమే = సిద్ధమే.

చివరి పదం ఒక్కటే ఉన్న అర్థంలోనే ప్రయోగింపబడినదని గ్రహించాలి.

ఛందస్సు, అలంకారము

యతి లేదు, ప్రాస లేదు. గురులఘువులు మాత్రం ఉన్నాయి. మూడో పాదం తెర ఈ కొస నుంచి ఆ కొసకు పరచిన పచ్చని బటను, అది గురువు. నాలుగో పాదం బూడిదరంగు మీద బూడిదరంగు అక్షరాలతో, చత్వారం వచ్చిన కళ్లకు ఆనకుండా అట్టడుగున ఉంటుంది, అది లఘువు. గట్టు మీద ఎండలో నిలబడి చూస్తే లఘువు పూర్తిగా లోపిస్తుంది. మొదటిసారి రైతు వేలు గురువు మీదే పడింది, ‘మాతో ఉన్నందుకు ధన్యవాదాలు’ అని వచ్చింది.

అలంకారం విషయంలో ఈ ప్రాంతం వారికి చెప్పాల్సింది కొంత ఉంది. దివిసీమ కవి కాసుల పురుషోత్తమ కవి ఆంధ్రనాయక శతకంలో శ్రీకాకుళాంధ్రదేవుణ్ణి తిడుతున్నట్టే తిడుతూ పొగిడాడు. అది నిందాస్తుతి. ఈ తెర చేసే పని దానికి తలకిందులు: బతిమాలుతున్నట్టే ఉంటుంది, నొక్కబోయేవాడిచేత తాను తెలివితక్కువవాణ్ణని అనిపిస్తుంది. విమానం టికెట్టు కొనేటప్పుడు బీమా వద్దన్నవాడిచేత ‘నేను రక్షణ లేకుండానే ఉంటాను’ అనే మాట మీద నొక్కించడం ఇలాంటిదే. వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2023 నవంబరు 30న నోటిఫై చేసిన మార్గదర్శకాల్లో దీన్ని నిషిద్ధ ప్రయోగంగా ఎంచి, విమానం ఉదాహరణనే చూపించింది. ఆ లాక్షణికులు అటువంటి మాయలు మొత్తం పదమూడింటిని లెక్కగట్టారు. లేని తొందర పెట్టడం ఒకటి, బుట్టలోకి చెప్పకుండా సరుకు జారవిడవడం ఒకటి, చందా ఉచ్చు మరొకటి. రద్దు చేసే దారిని దాచినా, చుట్టుదారి చేసినా, ఉచితం అని పిలిచి ముందే చెల్లింపు వివరాలు గుంజినా ఉచ్చు కిందికే వస్తుంది.

పూర్వపక్షము

‘యాప్‌నే పీకేస్తే పోలా?’ అని రైతు పక్షం. బొమ్మ మీద వేలు నొక్కిపట్టి చెత్తబుట్టలోకి లాగాడు. హైదరాబాదులో ఉన్న మేనల్లుడికి ఫోను చేసి విజయవార్త చెప్పాడు.

‘మావయ్యా, యాప్ తీసేస్తే డబ్బులు ఆగవు. ఆటోపే తీసేశావా?’

‘బొమ్మే లేందే ఇంకెక్కడి ఆటోపే రా?’

సిద్ధాంతము

దీనిని ఘట్టకుటీ ప్రభాత న్యాయం అంటారు. సుంకం ఎగ్గొడదామని రాత్రంతా అడ్డదారిన బండి తోలినవాడికి, తెల్లవారేసరికి సుంకరి గుడిసె ముందే తేలడం. యాప్ బొమ్మ వేరు, చందా వేరు, ఆటోపే అనుమతి వేరు. మొదటిది ఫోనులో, రెండోది ప్లే స్టోరు ఖాతాలో, మూడోది బ్యాంకులో ఉంటాయి. మొదటిదాన్ని చెరిపితే మిగిలిన రెంటికీ కబురైనా అందదు.

మేనల్లుడు చెప్పిన మార్గం శాస్త్రసమ్మతమే. ప్లే స్టోరు తెరిచి, కుడిచేతి వైపు పైనున్న మన గుండ్రటి బొమ్మ నొక్కి, పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్ అనే చోట చందాల జాబితా చూడాలి. యాప్ తీసేసినా పేరు అక్కడే కూర్చుని ఉంటుంది. దాన్ని రద్దు చేశాక, డబ్బు కట్టిన యూపీఐ యాప్‌లో ఆటోపే అన్నచోట కూడా ఓ కన్నేసి, అనుమతి మిగిలి ఉంటే తీసేయాలి. అక్కడ గరిష్ఠ మొత్తం కూడా రాసి ఉంటుంది. చందా ₹499 అయినా అనుమతి అంతకు మించి ఇచ్చామేమో చూసుకోవలసిన చోటు అదే.

విశేషము

‘ఈ రాత్రే పోతాయి’ అన్నది అసత్యం. ప్లే స్టోరులో రద్దు చేసినా సాధారణంగా కట్టిన గడువు తీరేదాకా సేవ నడుస్తుంది. రైతు తొందరపడక్కర్లేదు, అలాగని ఆలస్యమూ చేయక్కర్లేదు.

‘నన్నడక్కుండా ఎలా కోశారు?’ అన్న రైతు ప్రశ్నకు కూడా ఇక్కడే జవాబు చెప్పాలి. ఒక్కసారి పిన్ కొట్టి అనుమతి ఇచ్చినవాడిని, ₹15,000 లోపు కోతలకు మళ్లీ పిన్ అడగనక్కర్లేదని రిజర్వు బ్యాంకు 2022 జూన్‌లో పరిమితి పెంచింది. అంతకుముందు అది ₹5,000. దానికి ప్రతిగా, కోయడానికి కనీసం 24 గంటల ముందు కబురు పెట్టాలి, వద్దనుకుంటే తప్పుకునే వీలు ఇవ్వాలి. రైతుకు కబురు వచ్చింది. మేత కొట్టు బాకీకీ, లోను ఇస్తామన్నవాడి పిలుపుకీ నడుమ ఇంగ్లీషులో వచ్చింది. నియమం పాటించినట్టే అయింది. చదివే భాషలో కబురు పెట్టమని ఎవరూ అనలేదు కాబోలు, ఈ వ్యాఖ్యాతకు మాత్రం అసలు లోపం అక్కడే ఉందనిపిస్తుంది.

పాశ్చాత్యులు ఈ కావ్యరీతికి పేరు కూడా పెట్టుకున్నారు. ప్రైమ్ చందా రద్దుకు అమెజాన్ లోపల వాడుకున్న పేరు ‘ఇలియడ్’ అని అమెరికా ఫెడరల్ ట్రేడ్ కమిషన్ 2023 జూన్‌లో వేసిన దావాలో ఉంది. నాలుగు పేజీలు, ఆరు నొక్కుళ్లు, పదిహేను ఐచ్ఛికాలు అని కమిషన్ లెక్క. పదేళ్లు సాగిన యుద్ధం మీది మహాకావ్యం పేరు పెట్టినవాడెవడో గాని, సాహిత్యం చదివినవాడే. 2025 సెప్టెంబరులో కంపెనీ తప్పు ఒప్పుకోకుండానే 250 కోట్ల డాలర్లకు రాజీపడింది. అందులో 150 కోట్లు చందాదారులకు తిరిగి ఇవ్వడానికి.

ఉత్తర ఖండము

మూలము: మీ అభ్యర్థన అందింది. మా విధానం ప్రకారం రీఫండ్ సాధ్యపడదు. అసౌకర్యానికి చింతిస్తున్నాం. ఇట్లు, మీ కస్టమర్ హ్యాపీనెస్ టీమ్.

ఇది రైతు పెట్టిన రీఫండ్ అర్జీకి వచ్చిన జవాబు. గూగుల్ ప్లేలో కొన్న 48 గంటల లోపు అడిగితే గూగుల్‌నే అడగవచ్చు. దాటితే యాప్ చేసినవాళ్లను అడగమంటారు. రైతు ₹499 కోతను చూసిందే అది పడిన నాలుగో రోజున, ఆ వారం రొయ్యల పట్టుబడి ఉండటంతో. కాబట్టి గడువు దాటింది.

‘అందింది’ అనగా యంత్రానికి అందింది. అర్జీ పెట్టిన నిమిషంలోనే జవాబు రావడమే అందుకు ప్రమాణం. ‘మా విధానం’ అనే మాటకు మూలం వెతికితే, యాప్ నిబంధనల్లో రీఫండ్ అనే మాటే లేదు. కాబట్టి లేనిదాన్నే ఆధారం చేసుకున్నారని తేలుతుంది. ‘చింతిస్తున్నాం’ అన్నచోట కర్త బహువచనం. ఎందరో కలిసి ₹499 గురించి చింతిస్తున్నారన్నమాట. ‘హ్యాపీనెస్’ ఎవరిదో మూలంలో లేదు, అధ్యాహారం చేసుకోవాలి.

ఆ ఉత్తరానికి తిరుగు జవాబు పంపితే చేరదు, పంపిన చిరునామాలోనే ఆ సంగతి ఉంది. అందువల్ల రైతు మేనల్లుడిచేత తెరల ఫొటోలు, బ్యాంకు మెసేజ్ జతచేయించుకుని, జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915కు ఫోను చేశాడు. తెలుగులో మాట్లాడొచ్చా అని అడిగాడు, మాట్లాడమన్నారు. ఫిర్యాదు నంబరు మెసేజ్‌గా వచ్చింది. దాన్ని మేత లెక్కల పుస్తకం అట్ట మీద రాసుకున్నాడు.